కట్టర్ చూస్తే పారిపోయే కుక్క తానే పాదం అందించాలంటే

సొరుగు లాగిన చప్పుడు వినిపిస్తే చాలు, మా మల్లి మంచం కిందికి దూరేది. ఆ సొరుగులో గోళ్ల కట్టర్‌తో పాటు దారపు ఉండలు, టార్చిలైటు, పాత తాళాలు కూడా ఉండేవి. నేను ఏది తీయబోతున్నానో చూసేదాకా కూడా అది ఆగేది కాదు. ఒకరు మెడ, ఒకరు కాలు పట్టుకుంటే ఇంకొకరు గబగబా కత్తిరించే పద్ధతిలో ఏడాది నెట్టుకొచ్చాం. ప్రతిసారీ పని పూర్తయ్యేది, ప్రతిసారీ దాని భయం ఇంకాస్త ముదిరేది. ఒకరోజు తొందరలో కుడి ముందు కాలి నల్ల గోరును లోతుగా కత్తిరించాను. రక్తం కారింది. మల్లి అరవలేదు, కరవలేదు. పట్టు వదలగానే మూలకు వెళ్లి, ముఖం గోడవైపు పెట్టుకుని పడుకుంది. పిలిచినా తల తిప్పలేదు. ఆ రోజుతో బలవంతం మానేశాను.

ఇప్పుడు చాప పరిస్తే మల్లి తానే వచ్చి కూర్చుని నా తొడ మీద గడ్డం ఆనిస్తుంది. ఈ మార్పుకు నాలుగు నెలలు పట్టింది. అది నడిచిన దారినే ఇక్కడ మెట్టు మెట్టుగా రాస్తున్నాను. ఇందులో ఏ మెట్టు మరిచిపోయినా పరవాలేదు కానీ ఒక్కటి మరవకండి: కుక్క వద్దంటే ఆగాలి. మనం నిజంగా ఆగుతామని దానికి నమ్మకం కుదిరిన తర్వాతే అది సరేనంటుంది.

మొదలుపెట్టే ముందు: ఇది భయమా, నొప్పా?

ప్రమాదం ఎదురైతే కుక్కకు మొదట గుర్తొచ్చేవి కాళ్లే. పారిపోవాలంటే అవి స్వేచ్ఛగా ఉండాలి. అలాంటి కాలును ఎవరో గట్టిగా బిగించి పట్టుకుంటే, పట్టుకున్నది యజమాని అయినా సరే, లోపల గంట మోగుతుంది. దానికి తోడు వేళ్ల మధ్య చర్మం చాలా సున్నితంగా ఉంటుంది. కాబట్టి పాదం లాక్కోవడం మొండితనం కాదు. దాని మీద కోపం తెచ్చుకోవడానికి ఏమీ లేదు.

అయితే కొన్నిసార్లు అసలు సమస్య నొప్పే. వేళ్ల సందుల్లో పుండు, పేలు పట్టిన చోట వాపు, చీలిన గోరు, వయసు పైబడిన కుక్కల్లో కీళ్లనొప్పులు — ఇవేవీ ఎంత శిక్షణ ఇచ్చినా తగ్గవు. నిన్నటిదాకా కాలు ఇచ్చిన కుక్క ఈరోజు హఠాత్తుగా ఇవ్వకపోతే, ముందు పశువైద్యుడికి చూపించండి. శిక్షణ ఆ తర్వాత.

మనం పట్టుకునే తీరు కూడా నొప్పి కలిగిస్తుంది. కుక్క కాలు ముందుకూ వెనక్కూ సులువుగా కదులుతుంది, పక్కకు అంతగా రాదు. మనం మన చేతిని చాచినట్టు దాని కాలిని పక్కకు లాగితే భుజం, తుంటి దగ్గర లాగుతుంది. కాలు ఎప్పుడూ శరీరానికి దగ్గరగా, నేలకు వీలైనంత తక్కువ ఎత్తులో ఉండాలి. ముసలి కుక్క అయితే అది పక్కకు పడుకుని ఉండగా, కాలు ఎత్తకుండానే పని చేసుకోవచ్చు.

శిక్షణకు సమయం లేని పరిస్థితి

గోరు వంకర తిరిగి అరికాలి మెత్తలోకి గుచ్చుకుంటున్నా, విరిగి వేలాడుతున్నా నెలల తరబడి శిక్షణ అంటూ ఆగకూడదు. పశువైద్యుడి దగ్గర మత్తు ఇప్పించి ఆ ఒక్కసారికి కత్తిరించేయండి. కుక్కకు ఆ అనుభవం పెద్దగా గుర్తుండదు, మీకు సమయం చిక్కుతుంది. పిల్లకుక్కలైతే అసలు ఈ గొడవే రాకుండా చూసుకోవచ్చు. సుమారు 3 నుంచి 14 వారాల వయసులో పాదాలు తాకించుకోవడం అలవాటైన కుక్కకు పెద్దయ్యాక ఈ మార్గదర్శి అవసరం రాకపోవచ్చు.

గోరు లోపల ఏముంది

ఇది తెలియకుండా కట్టర్ పట్టుకోవద్దు. పైన కనిపించే గట్టి పెంకు మన గోళ్లలాగే కెరటిన్‌తో తయారైనది, దాన్ని కోస్తే నొప్పి ఉండదు. దాని లోపల రక్తనాళాలు, నరాలు ఉన్న మెత్తని భాగం ఉంటుంది. దీన్నే క్విక్ అంటారు. కట్టర్ దీన్ని తాకితే రక్తం వస్తుంది, నొప్పి కూడా గట్టిగానే ఉంటుంది. తెల్ల గోళ్లలో క్విక్ గులాబీ రంగులో బయటికే కనిపిస్తుంది. నల్ల గోళ్లలో కనిపించదు. మల్లికి పద్దెనిమిది గోళ్లలో పదిహేను నల్లవి.

చాలా కుక్కలకు పద్దెనిమిదే ఉంటాయి. ఒక్కో పాదానికి నాలుగు, ముందు కాళ్లకు లోపలివైపు కాస్త పైన ఒక్కోటి అదనం. ఈ పైగోరు నేలను తాకదు కాబట్టి అరగదు. బొచ్చు కుక్కల్లో వెంట్రుకల్లో దాక్కుని, ఎవరూ చూడకుండానే చుట్ట తిరిగి చర్మంలోకి దిగుతుంది. కొన్ని కుక్కలకు వెనక కాళ్లకూ ఉంటుంది. ఈరోజే వెతికి చూడండి.

మంచి కబురు ఒకటుంది. గోరును తరచుగా కొద్దికొద్దిగా కత్తిరిస్తూ ఉంటే లోపలి క్విక్ కూడా మెల్లగా వెనక్కి తగ్గుతుంది. వదిలేస్తే గోరుతో పాటు అదీ ముందుకు పెరుగుతుంది. అందుకే మూడు నెలలకోసారి చాలా కత్తిరించడం కంటే వారానికోసారి రవ్వంత తీయడం మేలు. భయపడే కుక్కకైతే ఇది మరీ ముఖ్యం, ఎందుకంటే రవ్వంత తీసేటప్పుడు ప్రమాదానికి దాదాపు అవకాశమే ఉండదు.

నున్నటి నేల మీద నడుస్తుంటే టక్ టక్ అని వినిపిస్తున్నా, కుక్క నిటారుగా నిలబడినప్పుడు గోళ్లు నేలను తన్ని వేళ్లను పైకి నెడుతున్నా, అవి పెరిగాయని అర్థం. అలాగే వదిలేస్తే పాదం నేల మీద ఆనే తీరే మారిపోతుంది, దాని భారం పై కీళ్ల మీద పడుతుంది.

చేతిలో ఉండాల్సినవి

కత్తెర ఆకారంలో ఉండే కట్టర్ నాకు నచ్చుతుంది, బ్లేడు ఎక్కడ ఉందో కంటికి తెలుస్తుంది. రంధ్రంలో గోరు దూర్చి నొక్కే రకం చిన్న కుక్కలకు పనికొస్తుంది కానీ, కదిలే కుక్కకు అందులో గోరు చిక్కుకుంటుంది. ఏది తీసుకున్నా పదునుగా ఉండాలి. మొద్దుబారిన బ్లేడు కోయడానికి ముందు గోరును నలుపుతుంది. క్విక్ తాకకపోయినా ఆ ఒత్తిడి కుక్కను బెదరగొడుతుంది. ఏళ్లనాటి కట్టర్ అయితే పారేయండి. మేమూ పారేశాం. ఆకారం, రంగు వేరైన కొత్తది తెచ్చుకోవడంలో ఇంకో లాభం ఉంది: కుక్క మనసులో దానికి పాత చరిత్ర ఉండదు.

రక్తం ఆపే స్టిప్టిక్ పౌడర్ మూత తీసి పక్కన పెట్టుకోవాలి, అది లేకపోతే మొక్కజొన్న పిండి. జారని చాప ఒకటి. మంచి వెలుతురు.

ఇక తాయిలాలు. ఇక్కడ పిసినారితనం పనికిరాదు. రోజూ పెట్టే గింజలు చాలవు. ఉడికించిన చికెన్ లాంటి, కుక్కకు ప్రాణమైన తిండిని శనగగింజ పరిమాణంలో ముక్కలు చేసి ఉంచుకోండి. దాన్ని ఈ పనికి తప్ప మరెప్పుడూ ఇవ్వకండి. కొందరు పాత్రకు వేరుశనగ వెన్న రాసి నాకిస్తారు. అలా చేసేటట్లయితే డబ్బా మీద జైలిటాల్ అని ఉందేమో చూడండి. ఆ తీపి పదార్థం కొంచెం కడుపులోకి వెళ్లినా కుక్క రక్తంలో చక్కెర ప్రమాదకరంగా పడిపోతుంది, కాలేయం దెబ్బతింటుంది.

కుక్క వద్దంటున్నప్పుడు ఎలా తెలుస్తుంది

గుర్రుమనడం, పళ్లు చూపడం చివరి మాటలు. అంతకు ముందు అది చాలా మెల్లగా, చాలాసార్లు చెప్పి ఉంటుంది. మనం వినం. తిండి లేకపోయినా నాలుకతో ముక్కు తడుపుకోవడం, నిద్ర వేళ కాకపోయినా ఆవలించడం, తల పక్కకు తిప్పుకోవడం, కంటి తెల్లగుడ్డు అర్ధచంద్రంలా కనిపించడం, చెవులు వెనక్కి వాలడం, తోక కాళ్ల మధ్యకు పోవడం — ఇవన్నీ వద్దనే మాటలే. ఇష్టమైన తాయిలాన్ని నోటికి అందించినా తినకపోతే భయం ఆకలిని దాటిపోయిందన్నమాట. ఆ రోజుకు ఇక చాలు.

అన్నిటికన్నా ఎక్కువగా పొరబడేది ఒకచోట ఉంది. కుక్క కదలకుండా బిగుసుకుపోయి ఉంటే మనం బుద్ధిగా కూర్చుందనుకుంటాం. కాదు. ఊపిరి బిగబట్టి, నోరు మూసుకుని, కళ్లు ఒకేచోట నిలిపి ఉన్న కుక్క భయంతో గడ్డకట్టింది. నెమ్మదిగా ఉన్న కుక్క నోరు కాస్త తెరిచి ఉంటుంది, పక్కటెముకలు మామూలుగా ఆడుతుంటాయి, పాదం పట్టుకుంటే బరువు మన చేతిలో వదిలేస్తుంది. మల్లి ఏడాది పాటు ‘బుద్ధిగా’ ఉందని నేను అనుకున్న రోజులన్నీ అది గడ్డకట్టిన రోజులే.

ఒక వీడియో తీయండి. ఫోను ఎక్కడో ఆనించి రికార్డు చేసి రాత్రి తీరిగ్గా చూడండి. చేతులు పనిలో ఉన్నప్పుడు కంటికి చిక్కనివి అందులో కనిపిస్తాయి.

మొదటి మెట్టు: చాప

రోజూ ఒకే చాప, ఒకే చోట. పరవగానే దాని మీద రెండు మూడు తాయిలాలు వేయండి. కుక్క వస్తుంది, తింటుంది, వెళ్లిపోతుంది. పిలవద్దు, పట్టుకోవద్దు. మూడు నాలుగు రోజుల్లో చాప చూడగానే తోక ఊపుతూ వస్తే చాలు. గోళ్లు కత్తిరించిన పాత చోటు మాత్రం వద్దు, దానికి ఆ మూల గుర్తుంటుంది.

రెండో మెట్టు: తాకడం, తర్వాత తాయిలం

పని మొత్తం నిలబడేది దీని మీదే కాబట్టి ఇక్కడ కాసేపు ఆగుదాం.

మోకాళ్ల మీద కూర్చోండి, కుక్క మీదికి వంగకండి. తాయిలాల గిన్నె మీ వెనక ఉండాలి. ఒక చేత్తో భుజాన్ని ఒక్క సెకను తాకండి. చేయి తీసేయండి. అప్పుడు, అప్పుడు మాత్రమే, రెండో చేయి గిన్నెలోకి వెళ్లి తాయిలం తేవాలి. కుక్క తిన్న తర్వాత రెండు మూడు సెకన్లు ఏమీ చేయకుండా ఉండండి. మళ్లీ తాకండి.

తాయిలం ముందు చూపించి, అది తింటుండగా కాలు పట్టుకోవడం చాలామంది చేసే పొరపాటు. నేనూ నెల రోజులు అదే చేశాను. కుక్కలతో చేసిన ప్రయోగాలకు పేరుపొందిన రష్యా శాస్త్రవేత్త ఇవాన్ పావ్లోవ్ చూపించింది ఈ వరుస విలువనే: ముందు చప్పుడు, వెనకే తిండి వస్తే చప్పుడుకే నోరూరుతుంది. మన పనిలో చప్పుడు స్థానంలో ఉండాల్సింది తాకిడి. వరుస తలకిందులైతే తాయిలమే ప్రమాద సూచన అవుతుంది. చికెన్ వాసన రాగానే కుక్క అనుమానంగా వెనక్కి జరుగుతుంటే తప్పు ఎక్కడుందో వెతకనక్కర్లేదు.

ఈ పద్ధతికి మనుషుల్లోనూ మూలం ఉంది. కుందేలంటే భయపడే పీటర్ అనే చిన్న పిల్లవాడికి మేరీ కవర్ జోన్స్ అనే మనస్తత్వవేత్త ఇష్టమైన తిండి పెడుతూ, కుందేలును దూరం నుంచి రోజురోజుకూ కొంచెం దగ్గరకు తెచ్చింది. 1924లో ఆమె ఆ వివరాలు ప్రచురించింది. చివరికి ఆ పిల్లవాడు కుందేలును ఒళ్లో పెట్టుకున్నాడు. అక్కడ కిటుకు తిండిలో ఎంత ఉందో, దూరంలో కూడా అంతే ఉంది. భయం మొదలవ్వని దూరంలో ఉండటమే పని.

మన కుక్కకు ఆ దూరం అంటే భుజం నుంచి గోటి దాకా ఉన్న జానెడు దారి. భుజం, మోచేయి, మణికట్టు, పాదం పైభాగం, అరికాలి మెత్త, వేళ్ల సందు, చివరికి గోరు. ఒక చోట పదిసార్లు తాకితే కనీసం ఎనిమిదిసార్లు కుక్క కదలకుండా, మెత్తగా ఉంటే తర్వాతి చోటుకు వెళ్లండి. లేకపోతే ఒక మెట్టు వెనక్కి. ఒక్కో విడత రెండు మూడు నిమిషాలు దాటకూడదు. రోజుకు ఒకటి లేదా రెండు విడతలు. అది ఇంకా కావాలన్నట్టు చూస్తున్నప్పుడే చాప మడిచేయాలి.

మల్లి మోచేయి దాకా రెండు రోజుల్లో వచ్చేసింది. మణికట్టు దగ్గర తొమ్మిది రోజులు ఆగిపోయింది. వేలు కొసతో తాకితే పాదం లాక్కునేది, అరచేయి వెనకవైపుతో తాకితే ఊరుకునేది. బహుశా వేళ్లు ముడుచుకుంటాయని, పట్టుకుంటాయని దానికి అనుభవం. అరచేయి వెనకభాగంతోనే వారం నడిపి, తర్వాత మెల్లగా చేయి తిప్పాను. మీ కుక్కకూ ఇలాంటి ఇరుకు చోటు ఒకటి ఉంటుంది. అక్కడ రోజులు గడిచిపోతున్నాయని బెంగపడకండి, ఆ ఇరుకు దాటాక మిగతాది వేగంగా సాగుతుంది. వెనక కాళ్లకు మళ్లీ మొదటినుంచీ, తుంటి దగ్గర నుంచి మొదలుపెట్టాలి.

మూడో మెట్టు: గడ్డం ఆనించడం

కుక్క నోటికి మాట లేదు కాబట్టి దానికి ఒక గుర్తు ఇవ్వాలి. మడిచిన తువ్వాలు గానీ మీ తొడ గానీ చూపించి, తాయిలంతో దాని ముక్కును అక్కడికి నడిపించండి. గడ్డం ఆనగానే మెచ్చుకుని ఇవ్వండి. కొద్దిసార్ల తర్వాత చేతిలో తాయిలం లేకుండా ఖాళీ చేత్తోనే చూపించండి, ఆనించిన తర్వాత ఇవ్వండి. మెల్లగా ఒక సెకను, మూడు, అయిదు, పది సెకన్లు అలా ఉంచడం నేర్పండి.

ఇప్పుడు ఒప్పందం: గడ్డం ఆని ఉన్నంతసేపే నేను నీ పాదం తాకుతాను. గడ్డం ఎత్తావా, నా రెండు చేతులూ వెనక్కి వెళ్లిపోతాయి. కోప్పడను, బుజ్జగించను, మళ్లీ పెట్టమని అడగను. నువ్వే పెట్టేదాకా కూర్చుంటాను.

మొదటి రోజుల్లో కుక్క దీన్ని పరీక్షిస్తుంది. ఊరికే గడ్డం ఎత్తి మీ చేతులు చూస్తుంది. ప్రతిసారీ ఆగండి. ఒక్కసారి ‘ఇంకొక్క గోరే కదా’ అని పట్టి ఉంచితే వారాల నమ్మకం పోతుంది. మల్లి ఒకరోజు వరసగా పదకొండుసార్లు గడ్డం ఎత్తింది. పన్నెండోసారి ఆనించి, గట్టిగా ఒక నిట్టూర్పు విడిచి, కళ్లు మూసుకుంది.

గడ్డం ఆనించడం కుదరని కుక్కకు జంతు శిక్షకుడు చిరాగ్ పటేల్ రూపొందించిన బకెట్ ఆట బాగుంటుంది. తాయిలాల గిన్నెను కుక్క చూస్తున్నంతసేపు పని జరుగుతుంది, చూపు మళ్లిస్తే ఆగిపోతుంది. సూత్రం ఒకటే.

నాలుగో మెట్టు: కట్టర్ రూపం, చప్పుడు

కట్టర్‌ను గది అవతల నేల మీద పెట్టండి. కుక్క చూసింది, తాయిలం. రోజురోజుకూ చాపకు దగ్గరగా జరపండి. తానే వచ్చి వాసన చూస్తే రెండు తాయిలాలు. తర్వాత చేతిలో పట్టుకోవడం, ఆపైన కట్టర్ వెనక భాగంతో భుజాన్ని, మణికట్టును, పాదాన్ని తాకడం. రెండో మెట్టులో నడిచిన దారే మళ్లీ, ఈసారి ఇనుముతో. రెండోసారి కాబట్టి త్వరగా సాగుతుంది.

చప్పుడును వేరుగా నేర్పాలి. గోరు తెగే ‘టిక్’ కోసం అగ్గిపుల్ల తీసుకుని, మందు తల తీసేసి, కుక్కకు కొన్ని అడుగుల దూరంలో కట్టర్‌తో కత్తిరించండి. టిక్, తాయిలం. టిక్, తాయిలం. కొన్ని రోజుల్లో అగ్గిపుల్లను దాని పాదం పక్కనే పెట్టి కత్తిరించినా అది గడ్డం ఎత్తకుండా ఉంటుంది. ఒక చేత్తో పాదం పట్టుకుని, అదే చేతి వేళ్ల మధ్య అగ్గిపుల్ల పెట్టి కత్తిరించే దశకు చేరితే అసలు పనికి కాగితమంత దూరంలో ఉన్నట్టే.

ఈ మెట్టులో ఉండగా నిజంగా కత్తిరించే ప్రయత్నం చేయకండి. ఇది బాగా ఊరిస్తుంది. కుక్క ఇంత నెమ్మదిగా ఉందిగా, ఒక్కటి కత్తిరించేద్దాం అనిపిస్తుంది. అగ్గిపుల్లతో ఇంకో రెండు రోజులు ఆగండి.

అయిదో మెట్టు: మొదటి గోరు

తెల్ల గోరు ఉంటే దానితో మొదలుపెట్టండి. వ్యాయామం చేసి వచ్చి అలసటగా, కడుపు మరీ నిండకుండా ఉన్న సమయం మంచిది. టపాకాయలు, వానలో ఉరుములు, ఇంట్లో కొత్తవాళ్లు ఉన్న రోజు వద్దు. చిన్న చిన్న భయాలు ఒకదాని మీద ఒకటి పేరుకుంటే మామూలు రోజు ఓర్చుకునేదే ఆ రోజు ఓర్చుకోలేదు.

బొటనవేలు అరికాలి మెత్త కింద, చూపుడువేలు గోటి మొదలు మీద ఉంచి మెత్తగా పట్టుకోండి. నొక్కద్దు. గుడ్డును పట్టుకున్నంత పట్టు చాలు. వెంట్రుకలుంటే పక్కకు తోయండి. గోటి వంపును బట్టి సుమారు 45 డిగ్రీల కోణంలో, కొస మాత్రమే. తెల్ల గోరైతే గులాబీ రంగుకు 2 మిల్లీమీటర్లు ముందే ఆగిపోవాలి. టిక్. చేతులు వెనక్కి. తాయిలాలు ఒకదాని వెనక ఒకటి అయిదారు, పండగ చేసినట్టు. చాప మడిచేయండి. ఆ రోజుకు అంతే.

నల్ల గోరుకు వేరే చూపు కావాలి. కింది నుంచి చూడండి. చాలా గోళ్లకు కొస దగ్గర అడుగున గాడిలా బోలుగా ఉంటుంది, ఆ బోలు భాగంలో క్విక్ ఉండదు. అక్కడి నుంచి కాగితమంత పలచని పొరలుగా తీస్తూ, ప్రతి పొర తర్వాతా కోసిన ముఖాన్ని చూడాలి. మొదట పొడిగా, సున్నం రాసినట్టు తెల్లగా గానీ బూడిదరంగులో గానీ ఉంటుంది. ఇంకొంచెం లోపలికి వెళితే మధ్యలో ముదురు రంగు చుక్క ఒకటి, కాస్త తడిగా, మెరుస్తూ కనిపిస్తుంది. అదే హద్దు. చుక్క కనిపించాక ఒక్క పొర కూడా వద్దు. నేను ఆ రోజు చూడనిది ఈ చుక్కనే.

రోజుకు ఒక గోరు చొప్పున తీసినా పద్దెనిమిది రోజుల్లో ఒక చుట్టు పూర్తవుతుంది, మళ్లీ మొదటిదానికి వస్తారు. కొన్ని కుక్కలతో జీవితమంతా ఇలాగే నడపొచ్చు, అందులో తప్పేమీ లేదు. ఒకే విడతలో నాలుగు పాదాలూ పూర్తి చేయాలన్న నియమం కుక్క పెట్టింది కాదు. దానికి ఇబ్బంది లేకపోతే మెల్లగా రెండు, తర్వాత ఒక పాదం.

కట్టర్ అసలే వద్దనే కుక్కకు

గోరును అరగదీసే గ్రైండర్ ఒక దారి. నలపదు, హఠాత్తుగా కోయదు. కానీ దానికి రొద, కంపనం ఉంటాయి కాబట్టి నాలుగో మెట్టు మొత్తం దానితో విడిగా చేయాలి: ఆపి ఉంచి చూపించడం, పక్క గదిలో ఆన్ చేయడం, దగ్గరకు తేవడం, ఆపిన యంత్రంతో తాకడం. గోటి మీద ఒకటి రెండు సెకన్లకు మించి ఆనించకండి, రాపిడికి గోరు వేడెక్కుతుంది. పొడవాటి వెంట్రుకలు తిరిగే భాగానికి చుట్టుకోకుండా చూసుకోవాలి.

నాకు మరీ ఇష్టమైనది గరుకు పలక. చెక్క పలకకు 80 నుంచి 100 నంబరు గరుకు కాగితం అతికించి, ఏటవాలుగా పట్టుకుని, కుక్క తానే పాదంతో గీరేలా నేర్పడం. పలక కింద తాయిలం పెట్టి చూపిస్తే చాలా కుక్కలు సహజంగానే గీరుతాయి, గీరిన ప్రతిసారీ తాయిలం. ఇందులో ఎవరూ దాని కాలు పట్టుకోరు. పని మొత్తం దాని చేతిలోనే ఉంటుంది కాబట్టి భయపడే కుక్కలు దీన్ని ఆటలా తీసుకుంటాయి. ముందు పాదాల్లో మధ్యవేళ్ల గోళ్లు బాగా అరుగుతాయి, అంచు గోళ్లకు పలకను కొంచెం వంచాలి. మెత్తలు గీసుకుపోకుండా కొద్దిసార్లకే ఆపండి. పైగోరు మాత్రం దీనితో అరగదు, దానికి కట్టరో గ్రైండరో తప్పదు.

రక్తం వస్తే

కేక వేయకండి. పౌడర్‌ను గోటి కొసకు అద్ది, వేలితో ఒకటి రెండు నిమిషాలు నొక్కి పట్టండి. మాటిమాటికీ తీసి చూడకండి. చూడటానికి ఎక్కువ అనిపించినా ఆరోగ్యంగా ఉన్న కుక్కకు ఒక గోటి నుంచి పోయే రక్తం ప్రమాదం కాదు. పదిహేను ఇరవై నిమిషాలు నొక్కి పట్టినా ఆగకపోతే పశువైద్యుడి దగ్గరకు వెళ్లాలి. రక్తం ఆగాక కుక్క తినగలిగితే తాయిలాలు ఇచ్చి వదిలేయండి. కొన్ని రోజులు కట్టర్ బయటికి తీయకండి, తర్వాత రెండో మెట్టు నుంచి మళ్లీ నడవండి. ఈసారి వారాలు పట్టదు, దారి దానికి తెలుసు.

ఎంత చేసినా ముందుకు సాగకపోతే

మూడు నాలుగు వారాలు శ్రద్ధగా చేసినా పాదం దగ్గరికే వెళ్లలేకపోతే పశువైద్యుడితో మందుల గురించి మాట్లాడండి. ట్రాజోడోన్, గాబాపెంటిన్ లాంటివి ఇలాంటి భయానికి వైద్యులు రాస్తుంటారు. వాటిని ఓడిపోయినట్టు భావించనక్కర్లేదు. భయం ఒక స్థాయి దాటిన మెదడు కొత్తది నేర్చుకోలేదు, మందు ఆ స్థాయిని దించి నేర్చుకునే వీలు కల్పిస్తుంది. మోతాదు కుక్క బరువును, ఆరోగ్యాన్ని బట్టి వైద్యుడే చెప్పాలి. ఇంట్లో ఉన్న మనుషుల మాత్రలు ఎట్టి పరిస్థితిలోనూ వేయకండి, ఐబుప్రొఫెన్ లాంటివి కుక్కల ప్రాణం మీదికి తెస్తాయి.

కరిచే అవకాశం ఉన్న కుక్కకు నోరు తెరిచి ఊపిరి పీల్చుకోగలిగే బుట్ట చిక్కం అలవాటు చేయండి. చిక్కం అడుగున తాయిలం పెట్టి, మూతి అదే దూర్చేలా నేర్పితే అదీ ఇంకో మెట్టు అవుతుంది. నోటిని గుడ్డతో బిగించి కట్టడం మాత్రం వద్దు, కుక్క నోటితోనే శరీరాన్ని చల్లబరుచుకుంటుంది.

బయట ఎవరితోనైనా కత్తిరించే పనైతే రెండు ప్రశ్నలు అడగండి: కుక్క భయపడితే మీరేం చేస్తారు? నేను పక్కన ఉండొచ్చా? ‘మేం గట్టిగా పట్టుకుంటాం, మీరు బయట కూర్చోండి’ అన్న జవాబు వస్తే కుక్కను వెంటబెట్టుకుని వచ్చేయండి.

కుదిరిన తర్వాత

గోళ్లు కత్తిరించడం అలవాటైపోయిందని తాయిలాలు ఆపేయకండి. నిజంగా కత్తిరించే ప్రతి రోజుకూ, ఊరికే పాదం పట్టుకుని తాయిలం ఇచ్చి వదిలేసే రోజులు రెండు మూడు ఉండాలి. అప్పుడే చాప అంటే దానికి ఎప్పుడూ కట్టరే గుర్తు రాదు.

మల్లి కుడి ముందు కాలి మూడో గోరు, ఆ రోజు రక్తం కారిన గోరు, ఇప్పటికీ దానికి గుర్తుంది. ఆ వేలు పట్టుకోగానే చెవులు కొంచెం వెనక్కి వెళతాయి. అందుకే ఆ గోరుకు విడిగా ఒక రోజు పెట్టుకుంటాను. ఆ రోజు అదొక్కటే. కొన్ని వారాలు గడ్డం ఎత్తుతుంది, కట్టర్ పక్కన పెట్టేస్తాను. మర్నాడు చాప పరిస్తే మళ్లీ వస్తుంది.